గంజి వార్చే చెయ్యి

జూలూరుపాడు,
12-4-1986

హైకోర్టు లాయరు వెంకటరామారావు గారికి,

జూలూరుపాడులో బస్సులు ఆగే చోట భోజన హోటలు నడిపే పున్నమ్మ నమస్కారాలు. ఇక్కడ కుడి చెయ్యి తప్ప అంతా క్షేమం.

ఖమ్మంలో నా కేసు చూసిన ప్లీడరు గారు మీ అడ్రసు ఇచ్చారు. కేసు కట్ట ఆయనే మీకు పంపుతానన్నారు. ఆ కట్టలో ఇంగ్లీషు ఎక్కువ, జరిగింది తక్కువ. అందుకని నేనే రాస్తున్నాను.

రెండేళ్ల కిందట మార్చిలో కొత్తగూడెంలో కూరగాయలు కొనుక్కుని బస్సులో వస్తున్నాను. కిటికీ పక్క సీటు. ఒళ్లో వంకాయల సంచి. అడవి మలుపు దగ్గర వెదురు లారీ ఎదురొచ్చింది. లారీ మమ్మల్ని దాటిపోయింది కానీ, పక్కకు పొడుచుకొచ్చిన బొంగు ఒకటి మా కిటికీలో దూరింది. నా కుడి మణికట్టు రెండు చోట్ల విరిగింది. వంకాయలకేమీ కాలేదు.

మూడు నెలలు కట్టు మీద ఉన్నాను. ఎముక అతుక్కుంది కానీ మణికట్టు తిరగదు. తలుపు గొళ్లెం తీయాలంటే నేను మొత్తం తిరగాలి. లారీకి బీమా చేసిన కంపెనీ మీద యాభై వేలకు కేసు వేశాం. కంపెనీ లాయరు లేచి, "ఈమె గృహిణి, ఈమెకు సంపాదన లేదు" అన్నాడు. మా ఆయన పోయి తొమ్మిదేళ్లయింది. అప్పటినుంచి నలుగురికి వండి పెట్టే బతుకుతున్నాను. "గృహం ఏడున్నదయ్యా? ముందు అర్రల బెంచీలు, ఎనక అర్రల పొయ్యిలు. నేను పండుకునేది నడిమిట్ల" అని కోర్టులోనే అన్నాను. జడ్జి గారు నవ్వారు కానీ రాసుకోలేదు. సంపాదనకు కాగితం లేదని ఏడు వేలతో సరిపెట్టారు.

ఏడు వేలు మందులకే పోయాయి. పై కోర్టుకు పోవాలని ఉంది. మీరు ఒప్పుకోవాలి.

ఇట్లు,
పున్నమ్మ

తా.క.: ఎడమ చేత్తో రాస్తున్నాను. అక్షరాలు పడిపోతున్నట్టు కనిపిస్తే కాగితం కొంచెం వాల్చి చదవండి.

---

హైదరాబాదు,
28-4-1986

శ్రీమతి పున్నమ్మ గారికి నమస్కారం.

మీ ఉత్తరం, కేసు కట్ట రెండూ అందాయి. అప్పీలు దాఖలు చేశాను. ఇందులో గెలవాలంటే రెండు విషయాలు కావాలి. మొదటిది మీ సంపాదనకు రుజువు. బిల్లు పుస్తకమో, పన్ను రసీదో, బ్యాంకు పుస్తకమో ఏదో ఒక కాగితం ఉండాలి. నోటి మాట కోర్టుకు ఆనదు. రెండోది డాక్టరు సర్టిఫికెట్టు. ఇప్పుడున్న దానిలో ఇరవై శాతం అని రాశారు. ఇది చాలదు. మళ్లీ పరీక్ష చేయించుకుని కొత్తది పంపగలరు.

భవదీయుడు,
వెంకటరామారావు, అడ్వొకేటు

తా.క.: ఉత్తరం మీరు చెప్పినట్టే వాల్చి చదివాను. మెడకేమైందని మా గుమాస్తా అడిగాడు.

---

జూలూరుపాడు,
20-5-1986

లాయరు గారికి నమస్కారాలు. మీరూ మీ మెడా కుశలమని తలుస్తాను.

ఇరవై చాలదని మీరు రాసిన దగ్గర్నుంచి నాకు సిగ్గుగా ఉంది. బడికి పోయింది అయిదేళ్లే అయినా, లెక్కల్లో కూడా ఇరవై అంత తక్కువ ఎప్పుడూ తెచ్చుకోలేదు. వెంటనే క్యారియరు కట్టుకుని ఖమ్మం పోయి డాక్టరు గారిని కలిశాను.

"సారూ, ఇరవై ఏసిండ్రు. కనీసం పాసు మార్కులన్న ఎయ్యిరి" అన్నాను.

"గిది పరీక్ష కాదమ్మా. చెయ్యి ఎంత పోయిందో గంతే రాస్తం. ఎక్కువ గావాలంటే చెయ్యి ఇంకా పోవాలె" అన్నారు.

"ఇంకెంత పోతే ఫస్టు క్లాసు వస్తది సారూ?" అని అడిగాను.

ఆయన కళ్లజోడు తీసి బల్ల మీద పెట్టారు. తర్వాత నా చెయ్యి పట్టుకుని అటు తిప్పి, ఇటు తిప్పి, రబ్బరు బంతి పిండించి, తాళం తీయించి చూశారు. నాకు కళ్లలో నీళ్లు తిరిగాయి. అప్పుడు ముప్పై రాశారు. ఇంకో అయిదు అడిగాను. ఇవ్వలేదు.

ఇక కాగితాలు. మా హోటల్లో బిల్లు అడిగిన వాళ్లు ఇంతవరకు లేరు. బ్యాంకు పుస్తకంలో పద్నాలుగు రూపాయలున్నాయి. వచ్చింది వచ్చినట్టే బియ్యం, పప్పు కిందికి పోతుంది. సర్పంచి గారిని అడిగితే స్టాంపు గుద్ది మరీ ఒక సర్టిఫికెట్టు ఇచ్చారు. "పున్నమ్మ సత్ప్రవర్తన గలది, పప్పు బాగా వండును" అని రాశారు. దీనితో జత చేశాను.

ఇట్లు,
పున్నమ్మ

తా.క.: క్యారియరు డాక్టరు గారి దగ్గరే ఉండిపోయింది. అది కూడా నష్టపరిహారంలో కలపవచ్చా?

---

హైదరాబాదు,
2-6-1986

పున్నమ్మ గారికి,

డాక్టరుకు క్యారియరు పట్టుకెళ్లిన సంగతి దయచేసి ఇంకెవరికీ రాయకండి. నాకు కూడా రాసి ఉండకూడదు. ముప్పై శాతం చాలు. మళ్లీ ఆయన దగ్గరికి వెళ్లవద్దు.

సర్పంచి గారి సర్టిఫికెట్టు కోర్టులో పెట్టలేను. మీ పప్పు బాగుంటుందా లేదా అన్నది ఈ కేసులో వివాదం కాదు. మీరు ఎంత సంపాదించేవారో, ఇప్పుడు ఎంత పోయిందో చెప్పే కాగితం కావాలి. అది దొరికేలోగా, దెబ్బ తగిలాక మీరు చేయలేకపోతున్న పనులన్నీ రాసి పంపండి. చేయగలుగుతున్న పనులు మాత్రం రాయకండి.

భవదీయుడు,
వెంకటరామారావు

తా.క.: మీ చేతిరాత ఉత్తరం ఉత్తరానికీ బాగుపడుతోంది. కేసుకు ఇది మంచిది కాదు.

---

జూలూరుపాడు,
11-8-1986

లాయరు గారికి పున్నమ్మ నమస్కారాలు. ఇక్కడ వానలు బాగా పడుతున్నాయి. వాన పడితే చెయ్యి గుంజుతుంది, అందుకే ఉత్తరం ఆలస్యమైంది.

చేయలేని పని ఒక్కటే. గంజి వార్చలేను.

చేయగలిగినవి రాయవద్దన్నారు కాబట్టి, ఎడమ చేత్తో ఉల్లిపాయలు తరగడం, పచ్చడి నూరడం, పులుసు పోపు పెట్టడం, వడ్డించడం ఇవేవీ రాయడం లేదు.

ఒక్క పనికే ఇంత గోలా అని మీకు అనిపించవచ్చు. మీరు వడ్డించింది తినేవారే కానీ వార్చినవారు కారు. నా గుండిగలో ఒక్కసారికి పది కిలోల బియ్యం ఉడుకుతాయి. అన్నం ఉడికిన నిమిషంలో గుడ్డ పట్టుకుని గుండిగ ఎత్తి, మూత అదిమిపెట్టి, మణికట్టు తిప్పి గంజి వంచాలి. తొందరపడితే పలుకు, ఆగితే ముద్ద. నా అన్నం మల్లెపూలలా ఉంటుందనే భద్రాచలం పోయే బస్సుల డ్రైవర్లు ఇక్కడ బండి ఆపేవారు. రోజుకు వంద మంది తినేవారు.

ఇప్పుడు తండా నుంచి వచ్చే గోరి వారుస్తుంది. మోదుగాకు విస్తర్లు కుట్టేదీ ఆమే. బక్క మనిషి. చిన్న గిన్నె తప్ప ఎత్తలేదు. దానితో నలభై మందికి మించి రాదు. పోయిన నెల ఒకరోజు గోరికి జ్వరం వస్తే నేనే గుండిగ ఎత్తాను. అన్నం, గంజి, గుండిగ మూడూ నేల మీద పడ్డాయి. ఆ రోజు డ్రైవర్లకు అటుకులు తడిపి పెట్టాను. ఎవరూ ఒక్క మాట అనలేదు. ఎవరైనా తిట్టి ఉంటే బాగుండేది.

మొన్న శనివారం నుంచి బసవపున్నయ్య గారని ఒక పెద్దమనిషి రెండు పూటలా భోజనానికి వస్తున్నారు. బీడీలు చుట్టే తునికాకు కొనే వ్యాపారినని చెప్పారు. "చేతికి ఏమైందక్కా? రోజుకు ఎందరు తింటరు? ఇదివరకు ఎందరు తినేటోళ్లు?" అని అడుగుతారు. చెప్పిందంతా చిన్న నోటుబుక్కులో రాసుకుంటారు. నా కష్టం ఇంత శ్రద్ధగా విన్నవాళ్లు ఇంతవరకు లేరు.

ఇట్లు,
పున్నమ్మ

తా.క.: గోరి ఇప్పుడే వచ్చి, "అక్కా, గా సారు ఎనక కుప్ప కాడ వంగి ఎంగిలి ఇస్తర్లు లెక్కపెడుతుండు. ఏమన్న పోగొట్టుకున్నడా?" అని అడిగింది.

---

హైదరాబాదు,
14-8-1986
ఎక్స్‌ప్రెస్ డెలివరీ

అమ్మా పున్నమ్మ గారూ,

ఆయన తునికాకు వ్యాపారి కాదు. బీమా కంపెనీ మనిషి. మీరు అప్పీలు వేశారని తెలిసి, మీ చెయ్యి బాగానే ఉందని రుజువు చేయడానికి ఆయన్ను పంపారు. అలాంటి నోటుబుక్కులు నేను చాలా చూశాను. ఆయన రాసింది రేపు కోర్టుకు వస్తుంది. ఈ ఉత్తరం అందిన క్షణం నుంచి ఆయనకు ఏమీ చెప్పకండి. ఏమీ చూపించకండి. వీలైతే అన్నం కూడా పెట్టకండి.

ఆత్రుతతో,
వెంకటరామారావు

తా.క.: ఆయన ముందు ఉల్లిపాయలు తరగలేదు కదా?

---

జూలూరుపాడు,
17-8-1986

లాయరు గారికి నమస్కారాలు.

మీ ఉత్తరం శనివారం అందింది. బసవపున్నయ్య గారు శుక్రవారం, జెండా పండుగ మిఠాయి తిని వెళ్లారు.

తరిగాను. రెండు కిలోలు. ఆయన ఫోటో కూడా తీసుకున్నారు.

జరిగింది దాచడం ఎందుకు? గురువారం నాడు, పాత గుండిగ చూస్తానని ఆయనంటే బియ్యం పోసి పొయ్యి మీద పెట్టాను. అన్నం ఉడికేసరికి ఆయన వంటింట్లోకి వచ్చారు. "ఒక్కసారి ఎత్తి సూపెడ్తవా అక్కా?" అన్నారు.

"నాతోని కాదు బాబూ. నువ్వే ఎత్తు" అని గుడ్డ చేతికిచ్చాను.

మొగమాటపడ్డారు కానీ ఎత్తారు. ఆవిరి మొహానికి కొట్టేసరికి నోటుబుక్కు జేబులోంచి జారి గంజిలో పడింది. సగం అన్నం కాలవ పాలైంది. మిగిలింది ముద్దయింది. చెమటలు తుడుచుకుంటూ పీట మీద కూలబడి, "ఇదేందక్కా ఇంత బరువు! దీన్ని రోజుకు రెండు సార్లు ఎత్తేదానివా?" అన్నారు.

"నాలుగు సార్లు" అన్నాను.

నోటుబుక్కు పొయ్యి పక్కన ఆరబెట్టి ఇచ్చాను. అక్షరాలు చెదరలేదు. మంచి పెన్సిలు వాడతారు.

తర్వాత బయట డ్రైవర్ల దగ్గర కూర్చుని వాళ్లను కూడా అడిగారు. "గీమె చెయ్యి బాగున్నప్పుడు రెండు బంతులు లేసేటివి. ఇప్పుడు ఒక్క బంతే. ఆలస్యమైతే ఆకలితోని కొత్తగూడెం దాకా పోవాలె" అని వాళ్లు చెబుతుంటే నేను లోపలి నుంచి విన్నాను.

అన్నం పెట్టవద్దని రాశారు. ఆకలితో బెంచీ మీద కూర్చున్న మనిషికి పెట్టకపోతే ఇక హోటలెందుకు? అయినా ఆయన పూటకు నాలుగు రూపాయలు ఇచ్చే తిన్నారు.

ఇట్లు,
పున్నమ్మ

తా.క.: కోపంలో భోజనం మానకండి. మీ అక్షరాలు చూస్తే ఆకలి మీద రాసినట్టున్నాయి.

---

హైదరాబాదు,
3-11-1986

పున్నమ్మ గారికి,

నేను భయపడిందే జరిగింది. కంపెనీ వారు బసవపున్నయ్య రిపోర్టును కోర్టులో దాఖలు చేశారు. మూడు పేజీలు టైపు చేసి, ఫోటో అంటించి మరీ పెట్టారు. "పున్నమ్మ తెల్లవారుజామున లేచి హోటలు నడుపుతోంది, కూరగాయలు స్వయంగా తరుగుతోంది" అని మొదటి పేజీలోనే ఉంది. అక్కడికి చదివి పక్కన పెట్టేశాను. ఇరవై రెండేళ్ల ప్రాక్టీసులో శత్రువుకు పీట వేసి, గంజిలో పడ్డ వాడి నోటుబుక్కు ఆరబెట్టి ఇచ్చిన క్లయింటును చూడలేదు.

విచారణ జనవరిలో. నేను చేయగలిగింది చేస్తాను. పెద్దగా ఆశ పెట్టుకోవద్దు.

భవదీయుడు,
వెంకటరామారావు

తా.క.: ఫోటోలో మీరు నవ్వుతున్నారు. బాగా వచ్చింది. కేసు పోయాక ఒక కాపీ అడిగి పంపుతాను.

---

(పోస్టు కార్డు)

జూలూరుపాడు, 10-11-1986

లాయరు గారికి నమస్కారాలు. రిపోర్టు మూడు పేజీలని మీరే రాశారు. చదివింది ఒకటి. మిగతా రెండు కూడా చదవండి. భోంచేసి, నెమ్మదిగా చదవండి. కార్డులో చోటు లేదు.

పున్నమ్మ

---

హైదరాబాదు,
19-1-1987

పున్నమ్మ గారికి శుభవార్త.

శుక్రవారం, పదహారో తేదీన మన అప్పీలు విచారణకు వచ్చింది. మీ కార్డు అందినప్పుడు నేను వేరే కేసు మీద విజయవాడ వెళ్లాను, తర్వాత మరిచిపోయాను. అంటే ఆ రెండు పేజీలు చదవకుండానే కోర్టుకు వెళ్లాను. ఇది మీకు చెప్పకుండా ఉండలేకపోతున్నాను.

కంపెనీ లాయరు ధీమాగా లేచి, "ఈమె చెయ్యి బాగానే పనిచేస్తోంది. రోజుకు నలభై మందికి భోజనం పెడుతోంది. మా మనిషి కళ్లారా చూసి రాసిన రిపోర్టు ఇది" అని అందించాడు. జడ్జి గారు మొదటి పేజీ చదివి తిప్పారు. రెండో పేజీ దగ్గర ఆగి పైకే చదివారు. "ప్రమాదానికి ముందు ఇక్కడ రోజుకు వంద భోజనాలు నడిచేవని ముగ్గురు డ్రైవర్లు విడివిడిగా చెప్పారు. అయిదు రోజులు విస్తర్లు లెక్కించాను. ఏ రోజూ నలభై రెండు దాటలేదు." మూడో పేజీ ఇంకా నెమ్మదిగా చదివారు. "అన్నం గుండిగ నేను స్వయంగా ఎత్తి చూశాను. రెండు మణికట్లూ గట్టిగా ఉన్న మనిషికే కష్టం. ఈ పని ఆమె ఇక చేయలేదు. ఆమె సంపాదన సగానికి పైగా పడిపోయింది."

జడ్జి గారు కాగితం దించి కంపెనీ లాయరును అడిగారు. "కింది కోర్టులో ఈమెకు సంపాదనే లేదన్నారు. ఇప్పుడు సంపాదన ఉందనీ, సగానికి పైగా పోయిందనీ మీరే కాగితం తెచ్చారు. ఏది నిజం?"

ఆయనా మొదటి పేజీ దాటి చదివినట్టు లేదు, మంచినీళ్లు అడిగాడు. నేనూ అడిగాను, వేరే కారణంతో.

ఏడు వేలను ముప్పై ఎనిమిది వేలు చేశారు. కేసు వేసిన రోజు నుంచి వడ్డీ కూడా. సుప్రీంకోర్టుకు పోవడానికి కంపెనీకి తొంభై రోజుల గడువు ఉంటుంది. పోతారని అనుకోను.

అభినందనలతో,
వెంకటరామారావు

తా.క.: ఇది వట్టి అదృష్టం. ఆ బసవపున్నయ్య అమాయకుడు కాబట్టి బతికిపోయాం. ఇంకెప్పుడూ ఇలా చేయకండి.

---

జూలూరుపాడు,
30-1-1987

తమ్ముడు వెంకటరామారావు గారికి పున్నమ్మ ఆశీస్సులు. అక్కలా కొన్ని మాటలు చెప్పాల్సి ఉంది కాబట్టి ఈ ఒక్కసారికి తమ్ముడని రాస్తున్నాను. మీ ఉత్తరం చదువుతుంటే గోరి పక్కనే ఉంది. ముప్పై ఎనిమిది వేలంటే ఎన్ని విస్తర్లని అడిగింది. ఇద్దరం ఏడ్చాం, నవ్వాం. మీ మేలు మరువను.

బసవపున్నయ్య గారిని అమాయకుడని రాశారు. పాపం, ఆయన్ను ఏమీ అనకండి. తునికాకు కోత ఎండాకాలంలో. వాన పడ్డాక అడవిలో ఆ ఆకు ఎవరూ ముట్టరు, కొనరు. ఆగస్టు నెలలో గొడుగు పట్టుకుని తునికాకు బేరానికి వచ్చానన్న మనిషి ఎవరో, ఎందుకొచ్చాడో, ఆయన మొదటి ముద్ద కలిపేలోగా నాకు తెలిసింది. గోరి కూడా, "గీ వానల తునికాకు ఏందక్కా?" అని నవ్వబోయింది. "ఊకో, గా సారు మనకు కాగితం రాసియ్యనీకి వచ్చిండు" అన్నాను.

మీరు కాగితం కావాలన్నారు. సర్పంచి కాగితం చెల్లదన్నారు. నా చెయ్యి ఏం చేసేదో కాగితం మీద పెట్టే మనిషి కోసం నేనెక్కడికి పోను? అలాంటి మనిషి తనంతట తానే బస్సు దిగి, డబ్బిచ్చి మరీ బెంచీ మీద కూర్చుంటే వద్దనడానికి నాకేం పిచ్చా? ఆయనకు ఒక్క అబద్ధం చెప్పలేదు. అడిగింది చెప్పాను. చూస్తానన్నది చూపించాను. ఎంగిలి విస్తర్లు వానకు కొట్టుకుపోకుండా రేకు కింద ఒక్కచోటే వేయమని గోరికి చెప్పింది మాత్రం నేనే. పాపం ఆయన తడుస్తూ లెక్కపెట్టడం ఎందుకని.

మీకు ముందే చెబితే మీరు వద్దనేవారు. అందుకే చెప్పలేదు. తిట్టదలచుకుంటే తిట్టండి.

మొన్న బుధవారం బసవపున్నయ్య గారు మళ్లీ వచ్చారు. ఈసారి ఆకు పేరెత్తలేదు. చేతులు కడుక్కుని కూర్చుని, విస్తరి మీద నీళ్లు చల్లుకుంటూ, "నేనెవరో నీకు ముందే ఎరికనా అక్కా?" అన్నారు.

"ఎరికే బాబూ. తిను, చల్లారిపోతది" అన్నాను.

నా వల్ల ఉద్యోగానికి ముప్పు వచ్చిందేమోనని భయపడి అడిగాను. "సూసిందే రాసిన. సూసింది రాసేటందుకే నాకు జీతం. ఏమీ అనలేదు గానీ, ఇక మీద మనుషుల కేసులు వద్దు, గుద్దుకున్న లారీలే సూడుమన్నరు" అన్నారు. "లారీలైతే అన్నం పెట్టవు గదా" అని ఆయనే నవ్వారు.

పోయే ముందు ఒక కాగితం మీద బొమ్మ గీసి ఇచ్చారు. విజయవాడలో ఏదో పెద్ద వంటశాలలో చూశారట. రెండు ఇనుప కాళ్ల మధ్య గుండిగ వేలాడుతుంది. పొడుగు పిడి ఒకటి ఉంటుంది. ఎడమ చేత్తో పిడి నొక్కితే గుండిగ దానంతట అదే వంగి గంజి కారిపోతుంది. అదే రోజు లారీలు బాగుచేసే షెడ్డులో వెల్డింగు పెట్టించాను.

ఉంటాను తమ్ముడూ. మీ ఇంట్లో వాళ్లందరినీ అడిగానని చెప్పండి.

ఇట్లు,
పున్నమ్మ

తా.క.: గుండిగ నిన్నటి నుంచి బ్రహ్మాండంగా వంగుతోంది. నిన్న నూట పన్నెండు భోజనాలు లేచాయి. కంపెనీకి గడువు తొంభై రోజులన్నారు. లెక్కవేస్తే ఏప్రిల్ పదహారుతో సరి. పదిహేడో తేదీన మీరు తప్పక భోజనానికి రండి. అంతకు ముందు వస్తే మాత్రం, మీరైనా సరే, వంటింట్లోకి రానివ్వను.